ఐదేళ్లుగా గొంతులో ఆగిపోయిన మాట: చెప్పాలా, వదిలేయాలా?

మీ ప్రశ్న రెండుసార్లు చదివాను. నాకు అర్థమైంది ఇది. ఐదేళ్ల క్రితం మీరు పెద్ద కష్టంలో ఉన్నప్పుడు మీ ప్రాణ స్నేహితురాలు ఒక్కసారి కూడా పలకరించలేదు. ఎందుకని మీరూ అడగలేదు. గొడవేమీ జరగలేదు, మాటలు ఆగిపోయాయంతే. వచ్చే నెలలో ఇద్దరూ ఒకేచోట కలవాల్సి వస్తోంది. మాట్లాడాలని ఉంది, కానీ చిన్నప్పటి నుంచీ మీకు మొహమాటం ఎక్కువ, ఎదురుపడగానే నోరు పెగలదు. అడగాలా, వదిలేయాలా? అడిగితే మనసు కుదుటపడుతుందా?

నా సమాధానం ముందే చెప్పేస్తాను. మాట్లాడండి. కానీ ఆమె నుంచి ఫలానా జవాబు వస్తుందని ఆశ పెట్టుకుని వెళ్లకండి. మీరు చెప్పాల్సిన మాట మీరు పూర్తిగా చెప్పగలిగితే ఆ రోజు పని అయిపోయినట్టే. మనసు కుదుటపడటం చాలావరకు ఆ చెప్పడం మీద ఆధారపడి ఉంటుంది. విన్నవాళ్లు ఏమన్నారన్నదాని మీద మనం అనుకునేంత ఉండదు.

పద్దెనిమిదేళ్లుగా కౌన్సెలింగ్ చేస్తూ నేను చూసిన సంగతి ఇది. మీలాంటి మాట ఒకటి మోసుకుంటూ వచ్చినవాళ్లు చాలామంది. వాళ్లలో తేలికపడినవాళ్లందరికీ మంచి జవాబు దొరకలేదు, కొందరికి అసలు జవాబే రాలేదు. అలాగే ఎదుటివాళ్లు క్షమాపణ చెప్పినా కుదుటపడనివాళ్లనూ చూశాను. వాళ్లు చెప్పాలనుకున్నది సగం చెప్పి, మిగతా సగం మళ్లీ మింగేసి వచ్చారు. ఆ మింగేసిన సగం కోసమే తిరిగి నా దగ్గరకు వచ్చారు.

ముందు ఆ నోరు పెగలకపోవడం గురించి మాట్లాడుకుందాం. అన్నింటినీ కలిపి మొహమాటం అనేస్తాం గానీ లోపల మూడు వేర్వేరు సంగతులుంటాయి. ఎదుటి మనిషి నొచ్చుకుంటుందేమో, ఇబ్బంది పెట్టినట్టవుతుందేమో అని ఆగితే అది అసలైన మొహమాటం. గొంతు వణికితే ఎలా, కన్నీళ్లు వస్తే ఎలా, నేనెలా కనిపిస్తానో అని ఆగితే అది బిడియం. చెబితే మిగిలిన ఆ కాస్త బంధం కూడా తెగిపోతుందేమో అని ఆగితే అది భయం. మీది ఏదో తెలుసుకోవడానికి ఒక చిన్న పరీక్ష ఉంది. కళ్లు మూసుకుని మూడు దృశ్యాలు ఊహించుకోండి: మీ మాట విని ఆమె ఏడ్చింది, చెబుతూ చెబుతూ మీరే ఏడ్చేశారు, ఎవరూ ఏడవలేదు గానీ ఆమె లేచి వెళ్లిపోయింది. ఏది తలుచుకుంటే కడుపులో తిప్పినట్టవుతుందో మీ చిక్కు అక్కడుంది.

బిడియమైతే ఒక మంచి వార్త. మన లోపలి టెన్షన్ ఎదుటివాళ్లకు ఇట్టే కనిపించిపోతోందని మనం అనుకుంటాం, నిజానికి అంత కనిపించదు. థామస్ గిలోవిచ్, కెన్నెత్ సావిట్‌స్కీ, విక్టోరియా మెడ్వెక్ అనే మనస్తత్వ శాస్త్రవేత్తలు 1998లోనే ప్రయోగాలు చేసి ఈ భ్రమను చూపించారు. తర్వాత 2003లో వాళ్లలో ఇద్దరు మరో అడుగు ముందుకేశారు. ఉపన్యాసం ఇవ్వబోయే కొందరికి "మీ కంగారు మీరనుకున్నంతగా బయటికి కనిపించదు" అని ముందే వివరంగా చెప్పారు. ఆ ఒక్క విషయం తెలిసినవాళ్లు తెలియనివాళ్లకన్నా బాగా మాట్లాడారు. నేనూ ఈ మాట నా దగ్గరకు వచ్చేవాళ్లకు చెబుతుంటాను. తెలియడమే సగం మందు.

భయమైతే కాస్త జాగ్రత్తగా చెప్పాలి. అమిత్ కుమార్, నికొలస్ ఎప్లీ 2018లో చేసిన అధ్యయనంలో కొందరు తమకు మేలు చేసినవాళ్లకు కృతజ్ఞత చెబుతూ ఉత్తరాలు రాశారు. అందుకున్నవాళ్లు ఇబ్బంది పడతారని రాసినవాళ్లు ఊహించిన దానికన్నా వాళ్లు తక్కువ ఇబ్బంది పడ్డారు, ఊహించిన దానికన్నా ఎక్కువ సంతోషించారు. మనసులో మాట చెప్పేటప్పుడు ఎదుటివాళ్ల స్పందనను మనం తక్కువగా అంచనా వేస్తామని ఇది చెబుతోంది. కానీ అది కృతజ్ఞత, మీరు చెప్పబోయేది బాధ. రెండూ ఒకటే అని మీకు చెప్పలేను. ఆమె నిజంగానే లేచి వెళ్లిపోవచ్చు. మీరు ఆలోచించాల్సింది ఒకటే: ఇప్పుడున్న ఈ మౌనంలో పోగొట్టుకోవడానికి ఇంకా ఏం మిగిలి ఉంది?

అన్నింటిలోకీ కష్టమైనది మొహమాటమే, ఎందుకంటే అది మంచితనంలా కనిపిస్తుంది. "సర్దుకుపోయే మనిషి" అని నలుగురూ మెచ్చుకుంటారు కూడా. కానీ ఐదేళ్లుగా మీరేం చేస్తున్నారో చూడండి. "ఫోన్ ఎందుకు చేయలేదు" అని మనసులో మీరే అడుగుతున్నారు, "తనకేం పట్టింది" అని ఆమె బదులు మీరే జవాబు చెప్పుకుంటున్నారు, ఆ జవాబుకి మీరే ఏడుస్తున్నారు. ఆమె నొచ్చుకోకూడదని నోరు కట్టేసుకున్నారు, దాంతో ఆమెకు నోరు తెరిచే అవకాశమే లేకుండా పోయింది.

వదిలేయొచ్చు కదా అంటారా? ఐదేళ్లు ప్రయత్నించారు కదా. డేనియల్ వెగ్నర్ 1987లో చేసిన ప్రయోగం చాలామంది వినే ఉంటారు. తెల్ల ఎలుగుబంటి గురించి ఐదు నిమిషాలు ఆలోచించకండి, ఒకవేళ గుర్తొస్తే గంట కొట్టండి అన్నారు. గంట మోగుతూనే ఉంది. తర్వాత ఇక ఆలోచించవచ్చు అనగానే, మొదటి నుంచీ ఆలోచించమని చెప్పినవాళ్లకన్నా వీళ్లకే అది ఎక్కువగా గుర్తొచ్చింది. అదిమిపెట్టిన ఆలోచన అలాగే తిరిగొస్తుంది. పశ్చాత్తాపం గురించి గిలోవిచ్, మెడ్వెక్ చెప్పింది కూడా నా అనుభవానికి సరిగ్గా సరిపోయింది: దగ్గరి రోజుల్లో చేసిన పనులు బాధపెడతాయి, ఏళ్లు గడిచేకొద్దీ చేయకుండా వదిలేసినవే ఎక్కువ బాధపెడతాయి.

ఇక ఎలా చెప్పాలన్న విషయం. నాకు అన్నింటికన్నా ముఖ్యంగా అనిపించేది ఇదే కాబట్టి కొంచెం ఎక్కువ రాస్తాను.

మీరు మనసులో వందసార్లు రిహార్సల్ చేసుకున్న మాట, నిజంగా చెప్పాల్సిన మాట దాదాపు ఎప్పుడూ ఒకటి కావు. కొన్నేళ్ల క్రితం ఒకాయన వచ్చారు (వివరాలు కొంత మార్చాను). స్నేహితుడితో కలిసి వ్యాపారం చేసి, విడిపోయి ఎనిమిదేళ్లయింది. ఆ స్నేహితుడికి ఇవ్వాలని పదకొండు పేజీల ఉత్తరం రాసుకొచ్చారు. లెక్కలు, తేదీలు, ఎవరు ఎంత పెట్టారు, ఎవరు ఎంత తీసుకున్నారు, అంతా పక్కాగా ఉంది. నా ముందు చదవమన్నాను. గట్టిగా, తడబడకుండా చదువుతున్నారు. తొమ్మిదో పేజీ మధ్యలో ఒక వాక్యం దగ్గర గొంతు సన్నబడింది. గబగబా ముగించి పేజీ తిప్పేశారు. "ఒకసారి వెనక్కి తిప్పండి" అన్నాను. ఆ వాక్యం ఇది: "నేను ఆ చివరి రోజు నా సామాన్లు సర్దుకుని వెళ్తుంటే నువ్వు తలెత్తి కూడా చూడలేదు."

ఆ పదకొండు పేజీలూ ఆ ఒక్క వాక్యం కోసమే రాశారని ఇద్దరికీ అప్పుడే అర్థమైంది. డబ్బు సంగతి ఆయన ఎప్పుడో వదిలేశారు. చివరికి స్నేహితుడి దగ్గరకు వెళ్లి చెప్పింది కూడా ఆ వాక్యమే, దానికి ముందొక మాట, వెనకొక మాట.

మీ వాక్యాన్ని కూడా ముందు వెతకాలి. అందుకు రాయడం మంచి దారి. జేమ్స్ పెన్నెబేకర్, శాండ్రా బీల్ 1986లో ప్రచురించిన అధ్యయనంలో విద్యార్థులు వరసగా నాలుగు రోజులు, రోజుకి పదిహేను నిమిషాలు తమ జీవితంలో బాగా కలచివేసిన విషయాల గురించి రాశారు. జరిగింది, అప్పుడు తమకు అనిపించింది రెండూ కలిపి రాసినవాళ్లు రాసిన వెంటనే మరింత దిగులుపడ్డారు. కానీ ఆ తర్వాతి నెలల్లో వైద్యం కోసం వెళ్లడం తగ్గింది. అంటే మొదటి రోజు రాశాక మీకు ఇంకా బాధగా అనిపిస్తే అది చెడిపోయినట్టు కాదు, అలాగే ఉంటుంది. మీరూ నాలుగు రోజులు రాయండి. అందంగా రాయక్కర్లేదు, ఎవరికీ చూపించక్కర్లేదు. ఐదో రోజు గట్టిగా చదవండి. ఎక్కడ మీ గొంతు మారిందో అక్కడ పెన్సిల్‌తో గీత పెట్టండి.

ఆ తర్వాత ఒక జల్లెడ పట్టండి. "నువ్వు ఎప్పుడూ", "నువ్వు ఒక్కసారైనా" అని మొదలయ్యేవన్నీ పక్కన పెట్టండి. అవి అబద్ధాలని కాదు. అలాంటి మాట వినగానే ఎదుటి మనిషి తనను తాను కాపాడుకునే పనిలో పడిపోతుంది, మీ మాట ఇక చెవికెక్కదు. "ఎందుకు" అనే మాటను కూడా పక్కన పెట్టమంటాను. "ఎందుకు ఫోన్ చేయలేదు?" అని ఎంత మెల్లగా అడిగినా బోనులో నిలబెట్టి అడిగినట్టే ఉంటుంది. దానికి బదులు ఇలా ఉంటే:

"ఆ రోజుల్లో నీ ఫోన్ కోసం చాలా ఎదురుచూశాను. రాకపోయేసరికి చాలా ఒంటరిగా అనిపించింది. ఇన్నేళ్లూ నీకు చెప్పలేకపోయాను."

ఇందులో నింద లేదు, అలాగని మీ బాధను తగ్గించి చెప్పిందీ లేదు. ఆమె కాదనడానికీ ఏమీ లేదు, ఎదురుచూసింది మీరు కాబట్టి. మొదలుపెట్టే తీరు ఎంత ముఖ్యమో చెప్పే పరిశోధన కూడా ఉంది. కొత్తగా పెళ్లయిన జంటలు ఏదైనా గొడవ విషయం మాట్లాడుకుంటుంటే మొదటి మూడు నిమిషాలు గమనించి, ఏ జంటలు విడిపోయే అవకాశముందో సిబిల్ కరేర్, జాన్ గాట్‌మన్ 1999లో అంచనా కట్టి చూపించారు. మీరు దంపతులు కాదు, నిజమే. మొదటి మాట కరుకుగా పడితే మిగతా మాటలన్నీ దాని వెంటే వెళ్లడం మాత్రం స్నేహాల్లోనూ చూశాను.

వాక్యం దొరికాక నోటికి అలవాటు చేయాలి. మనసులో అనుకోవడం, నోటితో అనడం ఒకటి కాదు. గదిలో ఒక్కరే ఉన్నప్పుడు గట్టిగా అనండి. మొదటిసారి ఏడుపు రావచ్చు, రానివ్వండి. పదోసారికి మాట మాటలా వస్తుంది. ఆ తర్వాత మీరు నమ్మే ఒకరి ముందు అనండి. ఈ నెల రోజుల్లో ఇంకొకటి కూడా చేయండి: రోజుకొక చిన్న నిజం చెప్పడం. "ఈ రోజు నాకు వీలు కాదు" అని కారణం చెప్పకుండా ఆపడం. "నాకు అది నచ్చలేదు" అని ఒక చిన్న విషయంలో అనడం. భయపెట్టే విషయాన్ని మెట్టు మెట్టుగా దగ్గర చేసుకునే ఈ పద్ధతిని జోసెఫ్ వోల్పే 1950ల్లో చికిత్సగా తీర్చిదిద్దారు, ఇప్పటికీ మేం వాడుతున్నాం. ధైర్యం వచ్చాక మాట్లాడతానని కూర్చుంటే అది రాదు. మాట్లాడుతుంటేనే కొంచెం కొంచెంగా వస్తుంది.

మాట్లాడే రోజు గురించి కొన్ని సంగతులు.

నలుగురి మధ్యలో ఈ మాట ఎత్తకండి. ముందే ఒక మెసేజ్ పెట్టండి: "కలిసినప్పుడు నీతో ఓ పది నిమిషాలు విడిగా మాట్లాడాలని ఉంది. గొడవ కాదు." ఇలా చెప్పి ఉంచితే ఆమె సిద్ధపడి వస్తుంది, మీకు కూడా వెనక్కి తగ్గే దారి మూసుకుపోతుంది. ఎదురెదురుగా కూర్చోవడం కన్నా పక్కపక్కన నడుస్తూ మాట్లాడటం మీలాంటి వాళ్లకు సులువు, కళ్లలోకి చూడాల్సిన పని ఉండదు. గొంతు అసలు లేవదు అనుకుంటే కాగితం మీద రాసుకెళ్లి చదవండి. అది చిన్నతనమేమీ కాదు.

చెప్పాక వెనక్కి తీసుకోకండి. మొహమాటస్తుల దగ్గర నేను ఎక్కువగా చూసే పొరపాటు ఇదే. అంత కష్టపడి మాట బయటికి తెచ్చి, రెండు క్షణాలు నిశ్శబ్దంగా ఉండేసరికి తట్టుకోలేక "ఏదోలే, ఊరికే అన్నాను", "పాత సంగతులు, వదిలేయ్" అని నవ్వేస్తారు. ఆ నవ్వుతో చెప్పిందంతా చెరిగిపోతుంది. చెప్పండి, ఆగండి. లోపల పది అంకెలు లెక్కపెట్టుకోండి. ఆ నిశ్శబ్దం ఆమెది, దాన్ని ఆమెకు వదిలేయండి.

ఈ నిశ్శబ్దం విలువ నాకు ఇంటి దగ్గర తెలిసింది. అమ్మ ఆఖరి రోజుల్లో ఆస్పత్రిలో నేనే ఉన్నాను. ఇక ఎక్కువ రోజులు లేవని డాక్టర్ చెప్పిన మాట దూరంలో ఉన్న అక్కకు వెంటనే చెప్పలేదు. కంగారుపడుతుందని ఆగానని అప్పుడు అందరికీ చెప్పాను. అసలు కారణం ఆ మాట నా నోటితో అనలేకపోవడం. రెండు రోజులు ఆగాను. అక్క వచ్చేసరికి అమ్మ లేదు. ఆ తర్వాత తొమ్మిదేళ్లు అక్కా నేనూ అన్నీ మాట్లాడుకున్నాం, ఆ రెండు రోజులు తప్ప. ఊళ్లో వాళ్లకు మాట్లాడటం నేర్పేవాణ్ణి, అక్క దగ్గర నాకు నోరు రాలేదు.

ఒక సాయంత్రం అక్క ఆరిన బట్టలు మడతపెడుతోంది. పక్కన కూర్చుని చెప్పేశాను. "అక్కా, అమ్మ సంగతి నీకు రెండు రోజుల ముందే చెప్పాల్సిన మనిషిని నేను. భయపడి చెప్పలేదు. నీకు రావాల్సిన ఆ రెండు రోజులు నా వల్ల పోయాయి." అక్క ఏమీ అనలేదు. చేతిలో ఉన్న తువ్వాలు మడతపెట్టింది, విప్పింది, మళ్లీ మడతపెట్టింది. ఏదో ఒకటి అనేసి ఆ బరువు దించేయాలని నాకు ఎంత అనిపించిందో చెప్పలేను. ఆగాను. చాలాసేపటికి అడిగింది: "అమ్మ నన్ను అడిగిందా?"

ఎందుకు చెప్పలేదని అక్క అడుగుతుందని తొమ్మిదేళ్లు భయపడ్డాను. ఆమె మనసులో ఉన్నది ఆ ప్రశ్నే కాదు. "అడిగింది, రెండుసార్లు" అన్నాను. అమ్మ ఏ మాటలతో అడిగిందో కూడా చెప్పాను. ఆ రాత్రి చాలాసేపు అమ్మ గురించి మాట్లాడుకున్నాం. అక్క నన్ను క్షమించానని అనలేదు, నేనూ అడగలేదు. మధ్యలో నేను ఏదో ఒకటి అనేసి ఉంటే ఆమె ప్రశ్న ఇంకో తొమ్మిదేళ్లు లోపలే ఉండిపోయేది. మీ స్నేహితురాలి దగ్గర కూడా మీకు తెలియని ప్రశ్న ఒకటి ఉండొచ్చు.

లేకపోనూ వచ్చు. "అవునా, నాకు గుర్తే లేదు" అనవచ్చు. అది గట్టిగా తగులుతుంది. అప్పుడు "సరే, నాకు మాత్రం గుర్తుంది, నీకు చెప్పాలనిపించింది" అని ఆపేయండి, వాదించకండి. తన కష్టాలు ఏకరువు పెడితే వినండి. కోప్పడితే "ఇప్పుడు కాదులే, నీకు వీలైనప్పుడు మాట్లాడదాం" అని లేచి వచ్చేయండి. వీటిలో ఏది జరిగినా మీ వంతు అయిపోయింది.

అందరికీ ఇదే సలహా ఇవ్వను. కొట్టే మనిషికి, బెదిరించే మనిషికి, మీ తిండీ నీడా ఎవరి చేతిలో ఉన్నాయో ఆ మనిషికి మనసు విప్పి చెప్పమని ఎప్పుడూ అనను. అక్కడ ముందు భద్రత చూసుకోవాలి. అలాగే చెప్పడం వల్ల మీ బరువు దిగి, ఆ బరువంతా ఏ తప్పూ చేయని మనిషి నెత్తిన పడేట్టుంటే, అది ముందు కౌన్సెలర్ దగ్గరో నమ్మకమైన పెద్దవాళ్ల దగ్గరో చెప్పుకోవాల్సిన మాట. మీరు రాసింది ఈ రెండింటిలోకీ రాదు కాబట్టే మాట్లాడమంటున్నాను. ఇంకో సంగతి. ఈ నోరు పెగలకపోవడం ఈమె దగ్గరే కాకుండా ఉద్యోగంలో, ఫోన్లో, కొత్తవాళ్ల దగ్గర, అన్నిచోట్లా ఉండి మీ పనులు ఆగిపోతుంటే సైకాలజిస్టును కలవండి. దానికి మంచి చికిత్స ఉంది, ఒంటరిగా పోరాడక్కర్లేదు.

చెప్పాల్సిన మనిషి ఇప్పుడు లేకపోతే ఎలా అని ఇది చదివే ఎవరైనా అనుకోవచ్చు. ఎదురుగా ఖాళీ కుర్చీ వేసి, ఆ మనిషి కూర్చున్నట్టు ఊహించుకుని గట్టిగా మాట్లాడించే పద్ధతి ఒకటి ఉంది. శాండ్రా పైవియో, లెస్లీ గ్రీన్‌బర్గ్ 1995లో దీన్ని పరీక్షించి, ఏళ్ల తరబడి తేలని బాధలున్నవాళ్లకు బాగా ఉపయోగపడిందని చూపించారు. నా గదిలోనూ ఆ కుర్చీ ఉంది. మొదటి నిమిషం అందరికీ ఇబ్బందిగానే ఉంటుంది. రెండో నిమిషానికి చాలామంది కుర్చీని మర్చిపోతారు.

క్లోజర్, అంటే పాత బాధ మనసులో ముగిసిపోవడం, ఒక్క దెబ్బతో తలుపు మూసుకోవడంలా ఉంటుందని అనుకోకండి. ఒకావిడ తన స్నేహితురాలికి ఉత్తరం రాసి పంపారు, ఈ రోజుకీ జవాబు రాలేదు. మొదటి రెండు వారాలు రోజూ చూసుకున్నారు. కొన్ని నెలల తర్వాత నాతో వేరే విషయం మాట్లాడుతూ, మధ్యలో ఆ స్నేహితురాలి పేరు మామూలుగా అనేసి ముందుకు వెళ్లిపోయారు. అంతకుముందు ఆ పేరు అనాల్సి వస్తే "ఆ మనిషి" అనేవారు. నేను ఆపి గుర్తుచేశాక గానీ ఆవిడకే తెలియలేదు.

చివరగా, మీరు రాసిన దాంట్లో ఒకచోట నేను ఆగిపోయాను. ప్రశ్న ఆఖర్లో "నేనే ఫోన్ చేసి ఉంటే ఎత్తేదేమో" అని రాసి, వెంటనే "అదంతా ఇప్పుడెందుకులెండి" అన్నారు. అక్కడ మీరు పేజీ తిప్పేశారు. ఈ రాత్రి కాగితం తీసుకుని కూర్చున్నప్పుడు ఆ వాక్యంతోనే మొదలుపెట్టండి.